టేపు కొలత

జాప్రియాన్ దోల్చెవ్ కెమెరా గాజుకీ
నటి ముక్కు కొసకీ మధ్య
ఎంత దూరమో చెప్పడం నా పని.
ముప్పై ఒక్క ఏళ్లు అదే పని.
గుడ్డ టేపు, సగం అరిగిన అంకెలు.
రెండు మీటర్ల నలభై, అనేదాన్ని.
ఊఁ, అనేవాడు.
అంతకు మించి పొద్దుగూకేదాకా
మా మధ్య మాటలుండేవి కావు.

మొదటి సినిమా రొదోపి కొండల్లో,
పొగాకు కోతల కాలం.
తెల్లారకముందే ఆడవాళ్లు లాంతర్ల వెలుగులో
కోసిన ఆకుల్ని సూదికి గుచ్చుతున్నారు.
దీపాలు పెట్టిస్తానన్నాడు దర్శకుడు.
వద్దు, అన్నాడితను,
వాళ్ల వేళ్లకంటిన జిగురే మెరుస్తుంది, చూడు.
మెరిసింది.
తూర్పు జర్మనీ ఫిలిం, పచ్చని ఆకుని
గోధుమరంగులోకి దించే రకం,
రోజుకి నాలుగు డబ్బాలే ఇచ్చేవాళ్లు.
రెండో టేక్ అడగాలంటే
చేబదులు అడిగినంత మొహమాటం.

ఎండ కోసం గంటలు గంటలు కూచునేవాళ్లం.
అతను మబ్బుని తిట్టగా ఎప్పుడూ వినలేదు.
గొర్రెల కాపరి కొడుకుని, నాకలవాటే, అనేవాడు
తెల్ల జున్ను కత్తితో కోసి
కత్తి మీదే నాకందిస్తూ.

ఒకసారి సోఫియాలో కమిటీ వాళ్లు
కార్మికుల ముఖాలు ఇంత చీకటిగా ఎందుకున్నాయని అడిగారు.
గనిలోంచి వస్తున్నారు కదండీ, అన్నాడు.
రెండేళ్లు డాక్యుమెంటరీలకి తోలేశారు:
పాల కేంద్రాలు, వంతెనల ప్రారంభోత్సవాలు,
కజాన్‌లాక్‌లో గులాబీ నూనె తీసే రాగి బానలు.
ఆ బానల మీది ఆవిరిని ఎలా పట్టాడంటే
ఆట చూసి బయటికొచ్చిన ఒక ముసలాయన
మా ఇద్దరి చేతులూ వాసన చూశాడు.

తర్వాత ప్రభుత్వం పోయింది, స్టూడియో పోయింది,
మా మూడో ఫ్లోర్‌లో పరుపుల కొట్టు వెలిసింది.
అతను పెరుగు ప్రకటనలు తీశాడు, పెళ్లిళ్లు తీశాడు.
ప్లొవ్‌దివ్‌లో ఒక పెళ్లిలో
ఎండ కాస్త దిగేదాకా ఆట ఆపమన్నందుకు
పెళ్లికూతురి తండ్రి డబ్బు ఎగ్గొట్టాడు.
దూరం తమంతట తామే కొలుచుకునే కెమెరాలొచ్చాక
నేను కర్టెన్లు కుట్టుకున్నాను.
అదీ టేపు పనే.

మొన్న అక్టోబరులో ఆర్కైవ్ నుంచి పిలుపొచ్చింది.
ఆ పొగాకు సినిమాని కడుగుతున్నారట,
గీత గీతా చెరిపి కొత్తది చేస్తారట.
అతని రెండు కళ్లలోనూ శుక్లాలు.
చెయ్యి పట్టుకుని తీసుకెళ్లాను.
మెట్టు, అన్నాను. ఇంకో మెట్టు.
అర మీటరులో కుర్చీ.

తెర ముందు యోర్దాంక అనే పిల్ల.
లియోన్‌లో పెరిగింది, మన మాటల్ని
బియ్యంలో రాళ్లేరినట్టు ఏరుకుని మాట్లాడుతుంది.
ఇక్కడొక తప్పుంది, అంది.
ఆకులు గుచ్చే అవ్వ వెనక, సున్నపు గోడ మీద,
సూర్యుడు లేచిన క్షణాన
ఒక మనిషి నీడ. వంగిన వీపు, ముందొక పెట్టె.
పక్కనే ఇంకో నీడ, చెయ్యి చాచి,
చేతిలోంచి సన్నగా వేలాడే గీతేదో.
అరవై మూడు ఫ్రేములు.
తీసెయ్యమంటారా? ఎవరికీ తెలియదు.

అతను తెరకేసి ముఖం పెట్టాడు.
ఏమీ ఆనడం లేదని నాకు తెలుసు.
నీడ ఎంత పొడుగుంది? అడిగాడు.
అవ్వ భుజం దాకా, అన్నాను.
అయితే ఐదూ ఇరవై.
ఆ పూట మబ్బు ఉన్నట్టుండి తొలిగింది.
చూశాను. ఆపలేదు.
నీకు చెప్పలేదు.

తర్వాత తలాడించాడు, పైకీ కిందికీ.
లియోన్‌లో దానర్థం సరేనని.
పిల్ల వేలు మీట మీదికి పోయింది.
ఆ మణికట్టు పట్టుకుని ఆపాను.
ఇక్కడ తల అలా ఊపితే
వద్దని, తల్లీ.

గదిలో కాసేపు యంత్రం చప్పుడే.
నువ్వెంత దూరంలో ఉన్నావు? అన్నాడు అతను.
టేపు ఇంట్లోనే ఉండిపోయింది.
మూరెడు, అన్నాను.
ఊఁ, అన్నాడు.